ఉత్తర సముద్రపు ఉప్పెన



సముద్రతీరమున వసించువారికి గాలి యొక్కటే శత్రువు కాదు. వేళకు వార్త యందకపోవుటయు శత్రువే. ఐరోపా ఖండమున 1953వ సంవత్సరపు శీతకాలమున జరిగిన యుత్పాత మిందులకు నిదర్శనము.

ఆ జనవరి 31వ తేది శనివారమున, అట్లాంటికు మహాసముద్రమునుండి వచ్చిన వాయుగుండము స్కాట్లండునకు ఉత్తరముగా సాగి ఉత్తర సముద్రమున ప్రవేశించెను. ఆ సముద్రము దక్షిణమునకు పోనుపోను గరాటువలె ఇరుకగును. వాయవ్యపు పెనుగాలి నీటిని ఆ యిరుకులోనికి త్రోసెను. పౌర్ణమి గడచి రెండు దినములే యగుటచే పోటు సహజముగనే హెచ్చుగా నుండెను. గాలియు పోటును ఏకమై ఉప్పెన యయ్యెను.

ఇంగ్లండు తూర్పుతీరమున లింకన్‌షైరును సాయంకాలము 7 గంటల ప్రాంతమున నీరు ముంచెను. దక్షిణముననున్న కాన్వీ ద్వీపమును చేరునప్పటికి అర్ధరాత్రము దాటెను. నీరు గంటల తరబడి తీరము వెంట నడచినను దానికి ముందుగా వార్త నడువలేదు. నిద్రలోనున్న ఆ ద్వీపమున 50 మందికి పైగా మృతినొందిరి. ఇంగ్లండు తీరమున మొత్తము 307 మంది మరణించిరి.

హాలండు దేశమున నష్ట మింకను ఘోరము. నైరుతి దిక్కున నున్న జీలండు సీమలో చాల భాగము సముద్రమట్టము కన్న పల్లము. కరకట్టలే దానికి ప్రాణము. ఆ కట్టల యెత్తు చాలదని యోహాన్ ఫాన్ ఫేన్ అను ఇంజనీరు మునుపే హెచ్చరించి యుండెను. ఆ సాయంకాలము వాతావరణశాఖవారు తంతి పంపిరి గాని, అది కొలది తావులకే చేరెను. రేడియో నిలయములు నాటి పద్ధతి ననుసరించి అర్ధరాత్రమున మూతపడెను. తెల్లవారకమునుపే కట్టలు తెగెను. ఆదివారము అపరాహ్ణమున రెండవ పోటు వచ్చి, ఇంటికప్పుల నాశ్రయించిన వారిలో ననేకులను హరించెను. 1,836 మంది మరణించిరి. సుమారు 72,000 మంది ఇండ్లు విడిచిరి. ఉప్పునీట చెడిన పొలములకు జిప్సము చల్లి రైతులు మరల సాగునకు తెచ్చుకొనవలసి వచ్చెను.

పిమ్మట ఆ దేశీయులు డెల్టా నిర్మాణములను పేర గొప్ప యానకట్టలు కట్టిరి. ఈస్టరు షెల్టు ముఖద్వారమున నిలిపిన తలుపులు 1986లో ప్రారంభమయ్యెను.

ఇది మనకు పరాయి కథ కాదు. 1977 నవంబరు 19వ తేదిన మన దివిసీమను ఉప్పెన ముంచగా వేలమంది ప్రాణములు పోయెను. ఆనకట్టలు కట్టుట ప్రభుత్వముల పని. కాని హెచ్చరిక విన్న పెద్ద, వినని యింటి తలుపు తట్టుటకు ధనము గాని అధికారము గాని అక్కరలేదు. రాత్రియని సంకోచింపక ఆ పని చేయుడని నా మనవి.