వెయ్యిన్ని ఎనభై ఏళ్లు, ఒక చిల్లా

మా దాదాజాన్ కీమియాగర్. ఈ మాట మా ఇంట్లో గొంతు తగ్గించి చెప్పుకునేవారు.

పెరట్లో మేకల కొట్టం పక్కన ఒక మట్టి భట్టీ. దాని మీద మూస. అందులో పారా, గంధక్, ఇంకా ఏవో ఆకుల పసరు. నలభై రోజులు, అంటే ఒక చిల్లా, సన్నని సెగ మీద ఉంచాలట. చిల్లా పూర్తయ్యేసరికి మూసలో నల్లటి ముద్ద మిగిలేది. నుస్ఖాలో తప్పెక్కడుందో వెతుక్కుని దాదాజాన్ మళ్లీ మొదలుపెట్టేవారు. దాదీమా వెండి పాజేబులు, ఆ తర్వాత చెవి జుంకాలు ఆ భట్టీ ఖర్చుకే పోయాయి.

ఉర్దూ మీడియం స్కూల్లో కెమిస్ట్రీని మేం కీమియా అనే చదివాం. ఉస్తాద్ బోర్డు మీద ఆ మాట రాసిన రోజు మా పెరడు గుర్తొచ్చి నాకు సిగ్గేసింది. డిగ్రీలో తెలుగు తీసుకున్నాక రసాయనం అన్న మాట దగ్గరైంది. రెండు మాటల్లోనూ ఒకే ఆశ దాగుందని అర్థం కావడానికి ఇంకా చాలా ఏళ్లు పట్టింది. సోనా తయారుచేయడం ఆ ఆశలో సగమే. మిగతా సగం వక్త్ మీద పెత్తనం.

ఆ ఇల్మ్ నమ్మకం ఇది. భూమి కడుపులో గంధక్, పారా కలిసి లోహాలవుతాయి. కలయిక శుద్ధంగా, సెగ సమంగా ఉంటే సోనా. ఎక్కడైనా తేడా వస్తే సీసం, తగరం, రాగి. అంటే సీసం పండని సోనా అన్నమాట, పచ్చికాయ లాంటిది. జాబిర్ బిన్ హయ్యాన్ పేరు మీదున్న రిసాలాల్లో ఈ సిద్ధాంతం కనిపిస్తుంది. (జాబిర్‌ని ఇమామ్ జాఫర్ సాదిక్ షాగిర్దుగా మనం గర్వంగా చెప్పుకుంటాం. కానీ 987లో ఫెహ్రిస్త్ రాసిన ఇబ్న్ అల్-నదీమ్ నాటికే, అసలు అలాంటి మనిషి ఉన్నాడా అని అడిగినవాళ్లున్నారు. ఆ కితాబులు ఒక్కరివి కావని పాల్ క్రౌస్ 1940లలో వాదించాడు. అది వేరే బహస్.) కాయను గడ్డిలో పెట్టి మాగేసినట్టు, అక్సీర్ అనే మందు వేసి లోహాన్ని మాగేయాలి. గనిలో యుగాలు పట్టే పని మూసలో రోజుల్లో జరిగిపోవాలి.

హింద్ గురించి 1030 ప్రాంతంలో కితాబు రాసిన అల్-బిరూనీ ఇక్కడి రసాయన విద్యనూ చూశాడు. కీమియా లాంటిదే గానీ ఈ దేశానికే ప్రత్యేకం అన్నాడు. అది వయసును వెనక్కి తిప్పుతుందట. బతకడనుకున్న రోగికి సెహత్, ముసలివాడికి జవానీ, తెల్లజుట్టుకు మళ్లీ నలుపు. సోమనాథ్ దగ్గరి దైహక్ కోటకు చెందిన నాగార్జునుడు ఇందులో ఘనుడనీ, తనకు సుమారు వందేళ్ల ముందువాడనీ రాశాడు. మన కృష్ణా తీరంలో చెప్పుకునే బౌద్ధ ఆచార్యుడు అంతకు ఎన్నో శతాబ్దాల ముందువాడు. పేరొకటే కావడంతో కథలు కలిసిపోయాయి. మన వేమనకూ బంగారం చేసే విద్య తెలుసనే కథ ఉంది కదా! బిరూనీకి మాత్రం ఈ విద్య మీద ఏమాత్రం గురి లేదు. సోనా కోసం రాజులు పడే ఆశకు హద్దే లేదని కోపంగా రాశాడు.

ఆలిముల మధ్య కూడా దీనిమీద పెద్ద ముబాహసా నడిచింది. లోహం రంగు మార్చగలరు, జాతి మార్చలేరు అన్నాడు ఇబ్న్ సీనా. సెల్జూకుల వజీరు, పేరున్న షాయర్ తుగ్రాయీ ఒప్పుకోలేదు. మనం పదార్థాన్ని సిద్ధం చేస్తాం అంతే, రూపం ఇచ్చేది ఖాలిఖే అన్నాడు. మట్టిలోంచి తేళ్లు పుట్టడం లేదా అని అడిగాడు. ఆ కాలంలో అలాగే నమ్మేవారు మరి.

1377లో ముఖద్దిమా రాసిన ఇబ్న్ ఖల్దూన్ ఈ తగాదాను తీసుకెళ్లి వక్త్ ముందు నిలబెట్టాడు. గనిలో సోనా తయారవడానికి 1080 ఏళ్లు పడుతుందని లెక్క. సూర్యుడి మహాచక్రం ఒకటి పూర్తయ్యే కాలమట అది. అన్నేళ్లలోనూ పాళ్లు మారుతుంటాయి, సెగ మారుతుంటుంది. ఆ మెట్లన్నీ తెలిసినవాడే ఆ పనిని కుదించగలడు. అంత ఇల్మ్ మనిషికెక్కడిది? ఆయనదే ఇంకో దలీల్ నాకు మరీ నచ్చింది. కుద్రత్ ఎప్పుడూ దగ్గరి దారే పట్టుకుంటుంది. వీళ్లు చెప్పే అడ్డదారి నిజంగా ఉంటే అది అంత దూరం తిరిగి వచ్చేదే కాదు.

అక్కడితో ఊరుకోలేదు. కీమియా అసాధ్యమన్న ఇబ్న్ సీనా వజీరు, డబ్బున్నవాడు. సాధ్యమన్న ఫారాబీకి పూట గడవడమే కష్టం. రోజీ దొరకనివాళ్లే ఈ తోవ పడతారు అన్నాడు. ఇందులో కాస్త దర్బారీ ఎకసెక్కం ఉందనిపించింది. అయినా నేను కితాబు మూసి చాలాసేపు కూర్చున్నాను. దాదాజాన్ బీడీ ఆకు గోదాములో గుమాస్తా. ముగ్గురు ఆడపిల్లల నికాహ్‌లు నెత్తి మీదున్నాయి. ఆ జీతంతో ఆ డబ్బు కూడబెట్టడానికి ఆయనకూ వెయ్యేళ్లు పట్టేది.

భట్టీల దగ్గర సోనా పుట్టలేదు గానీ పనితనం పుట్టింది. అర్-రాజీ తన కితాబుల్ అస్రార్‌లో పదార్థాలను వర్గాలుగా విడదీసి, పరికరాలను ఒక్కొక్కటీ వివరించాడు. షాదీల్లో చల్లే గులాబ్ జల్, యూనానీ దవాఖానాలో ఇచ్చే అర్ఖ్ ఆ అంబీఖ్ గొట్టంలోంచి దిగినవే. 1941లో అమెరికాలో పాదరసాన్ని న్యూట్రాన్లతో కొట్టి నిజంగానే సోనా తీశారు. అది రేడియోధార్మిక సోనా, నిలవలేదు.

దాదాజాన్ చివరి రోజుల్లో చాయ్ కప్పు పట్టుకుంటే సాసర్ గలగలలాడేది. పేర్లు మరిచిపోయేవారు. బుఢాపా అనుకున్నాం. కాగే పారా పొగ పీలిస్తే చేతులు వణుకుతాయని పత్రికలో చేరాక ఎక్కడో చదివాను. పోయేనాటికి ఆయనకు యాభై ఎనిమిదేళ్లు.