దేవాలయంలో గుడారం, మంచుతీరాన దేవాలయం: సోవియట్, రష్యా ధ్రువ పరిశోధనా కేంద్రాల చరిత్ర సంఘానికి నేర్పే పాఠం

ఉపోద్ఘాతం

1937 జనవరి 8న లెనిన్‌గ్రాడ్ నగరంలో ఆర్కిటిక్ మ్యూజియం ప్రారంభమైంది. దాని కోసం కొత్త భవనం కట్టలేదు. పరిశుద్ధ నికొలాయ్ పేరుతో ఉన్న ఒక దేవాలయాన్ని ప్రభుత్వం స్వాధీనం చేసుకొని, ఆరాధన జరిగిన స్థలంలోనే ధ్రువయాత్రల సామగ్రిని ప్రదర్శనకు పెట్టింది. అరవై ఏడు సంవత్సరాల తరువాత, 2004 ఫిబ్రవరి 15న, అంటార్కిటికా ద్వీపకల్పానికి దగ్గరలోని కింగ్ జార్జ్ దీవిలో, రష్యా పరిశోధనా కేంద్రం పక్కన ఒక చెక్క దేవాలయాన్ని ప్రతిష్ఠించారు. ఒకచోట దేవాలయం ధ్రువ పరిశోధనకు ప్రదర్శనశాలగా మారింది. మరొకచోట ధ్రువ పరిశోధనా కేంద్రమే దేవాలయానికి చోటిచ్చింది.

ఈ రెండు సంఘటనలను పక్కపక్కన పెట్టి, నాస్తికత్వం ఓడిందనీ సంఘం గెలిచిందనీ ప్రసంగం ముగించడం సులభం. అయితే ఈ మధ్యకాలంలో జరిగిన విషయాలను నిదానంగా పరిశీలిస్తే చరిత్ర అంత సరళంగా లేదని తెలుస్తుంది. మంచు ఎడారిలో కాపరి లేని మనుష్యులు ఎలా జీవించారు, కాపరి వచ్చినప్పుడు ఏ పని కోసం వచ్చాడు అనే ప్రశ్నలను ఈ వ్యాసం చర్చిస్తుంది.

1937: ఒకే సంవత్సరం, మూడు దృశ్యాలు

మ్యూజియం తెరవడానికి రెండు రోజుల ముందు, అంటే 1937 జనవరి 6న, సోవియట్ యూనియన్‌లో జనాభా లెక్కలు జరిగాయి. అందులో మతవిశ్వాసం గురించిన ప్రశ్న కూడా ఉంది. పేరు చెప్పి జవాబివ్వాలి. విశ్వాసినని చెప్పడం ప్రమాదకరమని అందరికీ తెలుసు. అయినా పదహారేళ్లు, అంతకు పైబడిన వారిలో సుమారు 57 శాతం మంది తాము విశ్వాసులమని చెప్పారు. ప్రభుత్వం ఆ ఫలితాలను తొక్కిపెట్టింది. లెక్కలు నిర్వహించిన అధికారులలో కొందరిని అరెస్టు చేసింది.

అదే సంవత్సరం మే 21న ఇవాన్ పపానిన్ నాయకత్వంలోని బృందాన్ని మోసుకొచ్చిన విమానం ఉత్తర ధ్రువానికి సమీపంలో తేలుతున్న మంచుఫలకంపై దిగింది. రేడియో నిపుణుడు క్రెంకెల్, సముద్ర జీవశాస్త్రవేత్త షిర్షోవ్, వాతావరణ పరిశీలకుడు ఫ్యోదొరోవ్ ఆయన సహచరులు. 'ఉత్తర ధ్రువం-1' అనే ఆ కేంద్రం 274 రోజులు సముద్రంపై కొట్టుకుపోతూ రెండు వేల కిలోమీటర్లకు పైగా ప్రయాణించింది. చివరికి మంచుఫలకం పగిలి ముక్కలవుతూ ఉండగా, 1938 ఫిబ్రవరి 19న ఓడలు చేరుకొని వారిని రక్షించాయి. దేశమంతా ఆ నలుగురినీ వీరులుగా కొనియాడింది. వారు నివసించిన గుడారం తరువాత లెనిన్‌గ్రాడ్ మ్యూజియానికి, అంటే ఆ పాత దేవాలయంలోకి, చేరింది.

ఆ నలుగురు ఇంకా మంచుపై ఉన్న కాలంలోనే, 1937 డిసెంబరు 8న, పావెల్ ఫ్లొరెన్‌స్కీ అనే గురువును కాల్చి చంపారు. ఆయన వేదాంతి, గణితం చదివినవాడు, విద్యుత్ రంగంలో పరిశోధకుడు కూడా. 1933లో అరెస్టయి పదేళ్ల శిక్ష పడిన తరువాత, 1934లో స్కొవొరోదినో అనే చోట, ఏడాది పొడవునా గడ్డకట్టి ఉండే నేలను అధ్యయనం చేసే కేంద్రంలో ఖైదీగా పనిచేశాడు. అక్కడినుండి ఆయనను ఉత్తరాన శ్వేత సముద్రంలోని సొలొవ్‌కీ దీవులకు పంపారు. శతాబ్దాల చరిత్రగల మఠాన్ని జైలుగా మార్చిన చోటు అది. అక్కడ ఆయన సముద్రపు నాచునుండి అయొడిన్ తీసే పద్ధతులపై పరిశోధన చేశాడు. శీతల దేశపు విజ్ఞానానికి గుడారంలోని నలుగురు సేవచేశారు, సంకెళ్లలోని ఈ గురువూ సేవచేశాడు. విజ్ఞానశాస్త్రానికీ విశ్వాసానికీ సహజవైరం ఉందనే వాదానికి ఆయన జీవితమే జవాబు. ఆ వైరాన్ని కల్పించింది ప్రయోగశాల కాదు, ప్రభుత్వం.

కాపరి లేని మంద

అంటార్కిటికాలో మొదటి సోవియట్ యాత్రకు మిఖాయిల్ సోమొవ్ నాయకుడు. 1956 ఫిబ్రవరి 13న తీరంలో మీర్నీ కేంద్రం, 1957 డిసెంబరు 16న ఖండం లోపల వొస్తోక్ కేంద్రం ప్రారంభమయ్యాయి. సముద్రమట్టానికి సుమారు 3,488 మీటర్ల ఎత్తున ఉన్న వొస్తోక్‌లో 1983 జులై 21న మైనస్ 89.2 డిగ్రీల సెల్సియస్ ఉష్ణోగ్రత నమోదైంది. భూమిపై వాతావరణ కేంద్రంలో కొలిచిన ఉష్ణోగ్రతలలో ఇదే అత్యల్పం. శీతాకాలంలో అక్కడికి ఎవరూ వెళ్లలేరు, అక్కడివారు బయటికి రాలేరు.

1960 ఆగస్టు 3న మీర్నీలో మంచుతుపాను వేళ వాతావరణ విభాగపు ఇల్లు కాలిపోయి ఎనిమిది మంది మరణించారు. వారిలో ఒకరు చెక్, ఒకరు జర్మన్. వారిని దగ్గరలోని బురోమ్‌స్కీ దీవిలో సమాధి చేశారు. సమాధి కార్యక్రమంలో నిరీక్షణ వాక్యం చదవడానికి గురువు ఎవరూ లేరు.

1961 ఏప్రిల్ 29న నొవొలాజరెవ్‌స్కాయా కేంద్రంలో 27 ఏళ్ల వైద్యుడు లియొనీద్ రొగోజొవ్‌కు అపెండిసైటిస్ వచ్చింది. అక్కడ ఆయన తప్ప మరో వైద్యుడు లేడు. తోటివారు అద్దం పట్టుకొని, పరికరాలు అందిస్తుంటే, తన పొట్టను తానే కోసుకొని శస్త్రచికిత్స పూర్తిచేశాడు. బ్రతికాడు. మన దేశపు 'మైత్రి' కేంద్రం కూడా తరువాత అదే షిర్మాకర్ ఒయాసిస్‌లో వెలసింది.

1982 ఏప్రిల్ 12న వొస్తోక్‌లో విద్యుత్ కేంద్రం కాలిపోయింది. ఒక మెకానిక్ మరణించాడు. మిగిలిన ఇరవై మంది చిన్నచిన్న పొయ్యిలు తయారుచేసుకొని, ఒకే కప్పు కింద దగ్గరగా చేరి శీతాకాలమంతా గడిపి ప్రాణాలు దక్కించుకున్నారు.

ఈ సంఘటనలు సేవకులమైన మనల్ని ఆలోచింపజేయాలి. అక్కడ బలిపీఠం లేదు, వాక్యపఠనం లేదు. అయినా ఒకరి భారాలను ఒకరు మోయడం ఉంది. దేవుని సామాన్య కృప సంఘపు సరిహద్దుల వద్ద ఆగిపోదని మనం బోధిస్తాం. మంచి సమరయుని ఉపమానంలో యాజకుడూ లేవీయుడూ దాటిపోయిన చోట పనిచేసినది ఎవరో కూడా మనకు తెలుసు. కాబట్టి అక్కడ దేవుడు లేడని చెప్పలేం. అక్కడ లేనిది సంఘం. 139వ కీర్తనను నమ్మేవారు ఈ రెండింటి మధ్య భేదాన్ని గుర్తించాలి.

మంచుతీరాన దేవాలయం

1991లో సోవియట్ యూనియన్ కూలిపోయింది. తేలే కేంద్రాల పరంపర కూడా ఆ ఏడాదే ఆగి, 2003లో గాని తిరిగి మొదలుకాలేదు. ఈ కష్టకాలం తరువాత, 1968లో స్థాపించిన బెల్లింగ్స్‌హౌజెన్ కేంద్రం పక్కన పరిశుద్ధ త్రిత్వ దేవాలయం లేచింది. ఆల్తాయ్ ప్రాంతంలో దుంగలతో కట్టి, విప్పి, ఓడలో తీసుకొచ్చి మళ్లీ నిలబెట్టారు. ఎత్తు సుమారు 15 మీటర్లు. ముప్పై మంది పట్టే స్థలం. పెనుగాలులకు ఎగిరిపోకుండా ఇనుప గొలుసులతో రాతికి బిగించారు.

ఈ దేవాలయంలో సేవచేయడానికి సన్యాసులైన గురువులు వంతులవారీగా వచ్చారు. అంటార్కిటికా యాత్రలలో మరణించిన 64 మంది రష్యన్ల కోసం ప్రార్థించడం వారికి అప్పగించిన పనులలో ఒకటి. మృతులకోసం ప్రార్థించే విషయంలో మన సంఘాల సిద్ధాంతం వేరు. అయినా 1960లో మీర్నీలో ఎవరూ చేయలేకపోయిన పనిని, అంటే చనిపోయినవారిని దేవుని సన్నిధిలో జ్ఞాపకం చేసుకోవడాన్ని, సంఘం ఆలస్యంగానైనా చేపట్టింది. పొరుగున ఉన్న చిలీ కేంద్రంవారూ ఆరాధనకు వచ్చినందున ప్రార్థనలో కొంతభాగం స్పానిష్‌లో జరిగేది. గురువు కేంద్రపు రోజువారీ పనులలో కూడా చేయివేసేవాడు.

ముగింపు: జెండానా, దీపమా?

ఇక్కడ ఒక హెచ్చరిక అవసరం. ఒకప్పుడు ధ్రువకేంద్రంపై ఎగిరిన ఎర్రజెండా రాజ్యశక్తికి గుర్తు. దేవాలయ శిఖరం కూడా అదే పనికి ఉపయోగపడవచ్చు. 2022లో మొదలైన యుక్రెయిన్ యుద్ధాన్ని మాస్కో పాట్రియార్క్ బహిరంగంగా సమర్థించడం చూసిన తరువాత, ఈ అనుమానాన్ని తోసిపుచ్చలేం. దేవాలయాన్ని మ్యూజియంగా మార్చిన ప్రభుత్వం సంఘాన్ని గాయపరచింది. దేవాలయాన్ని జెండాకర్రగా వాడుకునే ప్రభుత్వం గాయపరచదు, మెల్లగా మింగేస్తుంది. రెండవ ప్రమాదమే ఎక్కువ, ఎందుకంటే దానిలో నొప్పి తెలియదు.

కొత్త ఊళ్లలో మందిరాలు కట్టే మనకూ ఈ ప్రశ్న వర్తిస్తుంది. శిలాఫలకంపై ఎవరి పేరుంది, ప్రారంభోత్సవానికి ఏ నాయకుడు వచ్చాడు అనేవి త్వరగా మరుగున పడతాయి. ఆ ఊరిలో చనిపోయినవారిని ఎవరు జ్ఞాపకం చేసుకున్నారు, వేరే భాషవారికి ఎవరు చోటిచ్చారు, పనివారితో కలిసి ఎవరు చేయివేశారు అనేవి నిలుస్తాయి. కింగ్ జార్జ్ దీవిలోని ఆ చిన్న దేవాలయాన్ని గాలికి పడకుండా పట్టి ఉంచినవి గొలుసులు. దానిని సంఘంగా నిలబెట్టేది మాత్రం ఆ గురువు రోజూ చేసే పని.