కమలా ఖాన్ కిస్సా ఖతమ్ అయిందా?

మన ఇళ్ళల్లో ఫోన్లలో ఇంగ్లీషు సూపర్ హీరోల సినిమాలు చూసే పిల్లలు, ముఖ్యంగా ఆడపిల్లలు, అడుగుతున్న సవాల్ ఒకటుంది. కమలా ఖాన్ మళ్ళీ వస్తుందా, రాదా? పెద్దవాళ్ళకి ఇది పిల్లచేష్టలా అనిపిస్తుంది. నాకు మాత్రం ఇందులో చాలా పాత తారీఖ్ కనిపిస్తోంది. మన గోల్కొండ దాకా పోయే తారీఖ్. అందుకే ఈ రాత.

ముందు పెద్దల కోసం రెండు ముక్కలు. కమలా ఖాన్ అమెరికాలోని జెర్సీ సిటీలో ఉండే పాకిస్తానీ కుటుంబం పిల్ల. మార్వెల్ కంపెనీ బొమ్మల పుస్తకాల్లో 2013లో పుట్టింది. 2014లో 'మిస్ మార్వెల్' పేరుతో ఆమెకు సొంత పుస్తకం వచ్చింది. ఆ పాత్రకు ప్రాణం పోసిన వాళ్ళలో సనా అమానత్, జి. విల్లో విల్సన్ ఇద్దరూ ముస్లిం ఔరతులే. 2022 జూన్‌లో ఆరు భాగాల సీరియల్ వచ్చింది. కరాచీలో పుట్టి కెనడాలో పెరిగిన ఇమాన్ వెల్లానీ ఆ పాత్ర వేసింది. అందులో మసీదు ఉంది, ఈద్ ఉంది, నికాహ్ ఉంది. 1947 బట్వారా రాత్రి కరాచీకి వెళ్ళే రైలు కోసం జనం తొక్కిసలాడుకునే స్టేషన్ ఉంది. అమ్మమ్మల నుంచి మనవరాళ్ళకి దిగివచ్చిన కడియం ఉంది. అన్నట్టు, తెలుగింట్లో కమల అంటే తామరపువ్వు. వాళ్ళింట్లో అది 'కమాల్' నుంచి వచ్చిన పేరు. వింత, అద్భుతం అని.

2023 నవంబర్‌లో ఆమెను పెద్ద తెరమీదికి తెచ్చిన 'ది మార్వెల్స్' విడుదలైంది. నటుల సమ్మె సరిగ్గా విడుదల ముందురోజు ముగిసింది కాబట్టి అప్పటిదాకా నటులు ప్రచారానికి తిరగలేకపోయారు. ప్రపంచమంతా కలిపి సుమారు 20 కోట్ల 60 లక్షల డాలర్లు వచ్చాయి. 2008లో మొదలైన ఆ సిల్సిలాలో అది 33వ సినిమా. అప్పటిదాకా వచ్చిన అన్నింటిలోకీ తక్కువ వసూలు దానిదే. ఆ సినిమా చివర్లో కమల పిల్లహీరోలతో ఒక జట్టు కట్టబోతున్నట్టు చూపించారు. ఆ జట్టు కోసం పిల్లలు ఎదురుచూస్తూ ఉండిపోయారు. 2025 మార్చిలో 'అవెంజర్స్: డూమ్స్‌డే' కోసం 27 మంది నటుల పేర్లు ప్రకటించారు. అందులో ఇమాన్ వెల్లానీ పేరు లేదు. అదే ఏడాది సెప్టెంబర్‌లో వచ్చిన 'మార్వెల్ జాంబీస్' అనే బొమ్మల సీరియల్‌లో మాత్రం కమలదే ముఖ్యపాత్ర.

ఇక పుస్తకాల్లో అయితే ఇంకా తమాషా. 2023 మేలో స్పైడర్‌మాన్ పుస్తకంలో ఆమెను చంపేశారు. జూలైలో మళ్ళీ బతికించి, ఎక్స్‌మెన్ జట్టులో కలిపారు. చంపడం, బతికించడం వాళ్ళకి లెక్కల పుస్తకంలో పని. పాత్ర యజమాని ఒక్క కంపెనీ. ఆ కంపెనీ వద్దనుకుంటే ఎంత మషహూర్ పాత్ర అయినా అలమరాలోకి పోతుంది.

ఇప్పుడు మన తారీఖ్‌కి వద్దాం.

సూపర్ హీరో సిల్సిలా అనేది హాలీవుడ్ కనిపెట్టింది కాదు. వందల ఏళ్ళ పాటు, ఈరాన్ నుంచి దక్కన్ దాకా, చెప్పేవాళ్ళు చెబుతూ వినేవాళ్ళు వింటూ సాగిన సిల్సిలా ఒకటుంది. అది దాస్తానె అమీర్ హమ్జా. హజ్రత్ హమ్జా రజియల్లాహు అన్హు పేరు చుట్టూ అల్లిన ఖయాలీ కథ. ఇది సీరత్ కాదు, కల్పన. చెప్పినవాళ్ళకీ విన్నవాళ్ళకీ ఆ సంగతి బాగా తెలుసు. అందులో దేవ్‌లు, పరీలు, జాదూగర్లు, తిలిస్మ్‌లు. హమ్జాకి నేస్తంగా ఉమ్రో అయ్యార్. వేషాలు మార్చడంలో, మాయ చేయడంలో దిట్ట. అతని దగ్గర జంబీల్ అనే సంచి. అందులో ఊళ్ళకి ఊళ్ళే పడతాయి.

అక్బర్ బాద్షా ఈ కథను ఎంత ఇష్టపడ్డాడంటే, 1562 ప్రాంతంలో మొదలుపెట్టి దాదాపు 15 ఏళ్ళు బొమ్మలు వేయించాడు. బట్టమీద వేసిన పెద్దపెద్ద బొమ్మలు, మొత్తం 1400. ఇవాళ మిగిలినవి 200 లోపే. మన దక్కన్ కూడా వెనకబడలేదు. 17వ శతాబ్దంలో గోల్కొండ కుతుబ్‌షాహీ దర్బారుకు వచ్చిన హాజీ కిస్సాఖ్వాన్ హమదానీ ఈ దాస్తాన్‌ను ఫార్సీలో 'జుబ్దతుర్రుమూజ్' పేరుతో రాశారు. కిస్సాఖ్వాన్ అంటే కథ చదివేవాడని అర్థం. పేరులోనే పని ఉంది. అంటే హైదరాబాదు గడ్డమీద, తెలుగు వినిపించే చోట, హమ్జా సాహసాలు దర్బారులో పలికాయి.

ఇక్కడ ఒక సంగతి గమనించండి. ఈ హీరో ఎలా చనిపోతాడో వినేవాళ్ళందరికీ ముందే తెలుసు. హిజ్రీ 3లో, అంటే క్రీ.శ. 625లో, ఉహుద్ మైదానంలో హజ్రత్ హమ్జా షహీద్ అయ్యారు. దాస్తాన్ కూడా అక్కడే ముగియాలి. దాన్ని మార్చే ధైర్యం ఏ దాస్తాన్‌గోకీ లేదు. మరి అంతం తెలిసిపోయిన హీరోకి భవిష్యత్తు ఏముంటుంది?

దాస్తాన్‌గోలు దారి కనిపెట్టారు. పుట్టుకకీ షహాదత్‌కీ మధ్య జాగా పెంచుతూ పోయారు. హమ్జా ఔలాద్‌ని తెచ్చారు. కొడుకులు, మనవళ్ళు, వాళ్ళ ఇష్క్‌లు, వాళ్ళ యుద్ధాలు. లక్నోలో మున్షీ నవల్ కిశోర్ ప్రెస్ 1883 నుంచి 20వ శతాబ్దం తొలినాళ్ళ దాకా ఉర్దూలో ఈ దాస్తాన్‌ను 46 సంపుటాలుగా అచ్చువేసింది. ఒక్కొక్కటీ దాదాపు 900 పేజీలు. అన్నిటికంటే పేరుపడ్డ 'తిలిస్మె హోష్‌రుబా'లో జాదూగర్ బాద్షా అఫ్రాసియాబ్ మీదికి వెళ్ళేది హమ్జా కాదు, మనవడు అసద్. మొదటి నాలుగు సంపుటాలు ముహమ్మద్ హుసేన్ జాహ్ రాస్తే, ఆ తర్వాత అహ్మద్ హుసేన్ ఖమర్ అందుకున్నారు. రాసే చెయ్యి మారింది, కథ ఆగలేదు. అచ్చువేసిన నవల్ కిశోర్ హిందువు, రాసిన వాళ్ళు ముస్లింలు, చదివిన వాళ్ళు అందరూ. ఈ ఖజానాకి ఒక్క యజమాని లేడు.

అయినా ఆ సిల్సిలా కూడా ఒకచోట తెగింది. ఢిల్లీ చివరి గొప్ప దాస్తాన్‌గో మీర్ బాఖర్ అలీ. నవాబుల మహఫిళ్ళు పోయాయి, జనం బయోస్కోపుకి మళ్ళారు. ఆయన చివరి రోజుల్లో వక్కలు అమ్ముకుని బతికి, 1928లో కన్నుమూశారు. ఆయనతో ఆ ఫన్ పోయిందన్నారు. 2005లో షమ్సుర్రహ్మాన్ ఫారూఖీ సాహబ్ ప్రోద్బలంతో దాస్తాన్‌గోయీ మళ్ళీ వేదికలెక్కింది. 77 ఏళ్ళ ఖామోషీ తర్వాత అదే ఉమ్రో అయ్యార్, అదే జంబీల్. జనం పగలబడి నవ్వారు. ఏ కంపెనీ ఇజాజత్ కూడా అక్కర్లేకపోయింది.

తెలుగు సినిమా కూడా మన కథల పెట్టెలోంచి బాగానే తీసుకుంది. 1962 నాటి 'గులేబకావళి కథ' చూడండి. ఎన్.టి. రామారావు హీరో, సి. నారాయణరెడ్డి మొదటిసారి సినిమా పాటలు రాసింది దానికే. దాని మూలం ఇజ్జతుల్లా బంగాలీ 1722లో ఫార్సీలో రాసిన కథ. తర్వాత నిహాల్‌చంద్ లాహోరీ ఉర్దూలో వచనంగా రాశారు, 1838లో పండిత్ దయాశంకర్ నసీమ్ మస్నవీగా మలిచారు. ఉర్దూలో షహజాదా పేరు తాజుల్ ములూక్. తెలుగు తెర మీదికి వచ్చేసరికి బకావళి పేరు నిలిచింది, షహజాదా పేరు మారింది. కథ బతకాలంటే ఒక్కోసారి పేరు మార్చుకోవాల్సి వస్తుంది. 1968లో 'బాగ్దాద్ గజదొంగ', 1970లో విఠలాచార్య తీసిన 'ఆలీబాబా 40 దొంగలు' వచ్చాయి. ఆ ఆలీబాబా కథ కూడా పాత అరబ్బీ రాతప్రతుల్లో లేదు. అలెప్పో నుంచి పారిస్ వెళ్ళిన హన్నా దియాబ్ అనే కుర్రాడు నోటితో చెబితే 1709లో గాలాన్ అనే ఫ్రెంచి పండితుడు రాసుకున్నాడు. ఆ కథలో ఇల్లు కాపాడింది ఆలీబాబా కూడా కాదు, మర్జానా అనే దాసీ పిల్ల. ఆడపిల్ల సూపర్ హీరో మనకి కమలతోనే మొదలవలేదు.

తర్వాత జానపద సినిమాల జమానా తగ్గింది. 1980లో రామారావు 'సూపర్‌మాన్' అయ్యాడు, శక్తి హనుమంతుడి నుంచి వచ్చింది. 2024 సంక్రాంతికి ప్రశాంత్ వర్మ 'హనుమాన్' వచ్చింది, దాని మీద ఒక పెద్ద సిల్సిలాయే కడుతున్నారు. మా పిల్లలు కూడా చూసి ఈలలు వేశారు. ఎవరింటి పెట్టెలోంచి వాళ్ళు కథ తీసుకుంటారు. అందులో తప్పేముంది? నన్ను కలవరపెట్టేది వేరే. మన పెట్టె తాళంచెవి ఎక్కడ పెట్టాం?

మాది చోడవరం. 2022 ఏప్రిల్ దాకా విశాఖ జిల్లా, ఇప్పుడు అనకాపల్లి జిల్లా. చెరకు, బెల్లం ఊరు. మాలాంటి ఇళ్ళల్లో ఉర్దూ నోట్లో ఉంది, చేతిలో లేదు. మాట్లాడతాం, రాయలేం, చదవలేం. బడి అంతా తెలుగు, ఇప్పుడు ఇంగ్లీషు. మా నానీ ఉమ్రో అయ్యార్ కిస్సాలు సగం ఉర్దూ సగం తెలుగులో చెప్పేది. జేబులనిండా గోళీలు, చెరకు ముక్కలు కుక్కుకుని వస్తే "ఉమ్రో కీ జంబీల్ వచ్చిందర్రా" అని నవ్వేది. మా తరంలో చాలామందికి ఆ మాట గుర్తుంది, కిస్సా గుర్తులేదు. మా పిల్లలకి మాట కూడా లేదు. 46 సంపుటాలు లిపి గోడకి అవతల ఉండిపోయాయి.

అందుకే కమలా ఖాన్ వాళ్ళకి అంత దగ్గరైంది. తెరమీద మనలాంటి పేరున్నవాళ్ళు వస్తే హీరో పక్కన మంచి దోస్తుగానో, తుపాకీ పట్టుకున్న దుష్మన్‌గానో వస్తారని పిల్లలకి అలవాటైపోయింది. ఈ పిల్ల అలా కాదు. అమ్మీతో గొడవపడుతుంది, నమాజ్‌లో పక్కనున్న సహేలీతో గుసగుసలాడుతుంది, లోకాన్నీ కాపాడుతుంది. అలాంటి పాత్రను వసూళ్ళ లెక్కన పక్కనపెడితే పిల్లల మనసుకి గుచ్చుకోదా? వాళ్ళ బాధ హఖీఖత్. దాన్ని నవ్వులాటగా తీసేయకండి.

కానీ ఒక్కమాట చెప్పాలి వాళ్ళకి. కంపెనీ చేతిలో ఉన్న హీరో నసీబ్ కంపెనీ చేతిలోనే ఉంటుంది. కమల రావచ్చు, రాకపోవచ్చు, వేరే ముఖంతో రావచ్చు. నాలుగు నాళ్ళకి మళ్ళీ చంపనూవచ్చు. జబాన్ మీద ఉన్న హీరోని మాత్రం ఎవరూ రద్దు చేయలేరు. హమ్జాని ఇన్నాళ్ళు నిలబెట్టింది బాద్షాల దౌలత్ ఒక్కటే కాదు. అక్బర్ వేయించిన బొమ్మలే చాలావరకు పోయాయి, కథ పోలేదు. ఫార్సీ నుంచి ఉర్దూకి, దర్బారు నుంచి బజారుకి, బజారు నుంచి నానీల మంచాల దాకా నడిచింది. ఒక జబాన్ బలహీనపడ్డప్పుడల్లా ఇంకో జబాన్ అందుకుంది.

ఇప్పుడు అందుకోవాల్సింది తెలుగు. మన పిల్లల జబాన్ అదే. ఉర్దూ చదవగలిగిన పెద్దలు మన మధ్య ఇంకా కొందరున్నారు. వాళ్ళు ఉండగానే కూర్చోబెట్టి చదివించుకుందాం, తెలుగులో రాసుకుందాం, ఫోన్లో రికార్డు చేసుకుందాం. ఉమ్రో అయ్యార్‌కి చోడవరం యాస వస్తే ఏం పోయింది? అసద్ వెంట తిలిస్మ్‌లోకి మర్జానాలాంటి ఓ చెల్లెలు కూడా వెళ్ళిందని మీ అమ్మాయి కలిపి చెబితే చెప్పనివ్వండి. దాస్తాన్‌గోలు చేసిందీ అదే.