నాడీజన్య నొప్పి చికిత్సలో మూర్ఛ నివారక ఔషధాలు: చారిత్రక పరిశీలన

వ్యాససంగ్రహం:
మూర్ఛను అదుపు చేయడానికి పుట్టిన కొన్ని ఔషధాలు నేడు వయోజనుల దీర్ఘకాలిక నాడీజన్య నొప్పికి ప్రధాన చికిత్సగా ఉన్నాయి. ఈ పరిణామం పందొమ్మిదో శతాబ్దపు ఒక పోలికతో మొదలై, ఇరవయ్యో శతాబ్దపు నియంత్రిత పరీక్షల మీదుగా సాగి, ఇరవై ఒకటో శతాబ్ది ఆరంభంలో న్యాయస్థానం దాకా వెళ్ళింది. పోలిక ఈ ఔషధాలకు దారి చూపిందనీ, ఒక్కొక్క వ్యాధిలో విడివిడిగా జరిగిన పరీక్షలే వాటి విలువను తేల్చాయనీ, పరీక్షను దాటవేసి పోలికతోనే సరిపెట్టుకున్న సందర్భాలు వైద్యాన్ని పక్కదారి పట్టించాయనీ వివరించడం ఈ వ్యాసం ఉద్దేశం.

కీలకపదాలు: నాడీజన్య నొప్పి, మూర్ఛ, ముఖశూల, కార్బమజెపిన్, గాబాపెంటిన్, ప్రీగాబలిన్, వైద్య చరిత్ర.

1. ఉపోద్ఘాతం:
చేతికి కత్తి తెగితే కలిగే నొప్పి శరీరానికి ఒక హెచ్చరిక. గాయం మానగానే ఆ నొప్పీ పోతుంది. నాడీజన్య నొప్పి అటువంటిది కాదు. స్పర్శను, నొప్పిని మెదడుకు చేరవేసే నాడీవ్యవస్థే దెబ్బతిన్నప్పుడు లేదా వ్యాధికి లోనైనప్పుడు ఇది పుడుతుంది. అంతర్జాతీయ నొప్పి అధ్యయన సంఘం 2011లో ప్రకటించిన నిర్వచనం సారాంశం ఇదే. మధుమేహ రోగుల అరికాళ్ళ మంటలు, సర్పి తగ్గిన తరువాత నెలల తరబడి మిగిలే పోట్లు, ముఖంలో విద్యుదాఘాతంలా వచ్చిపోయే శూల ఈ కోవలోనివి. కొందరికి బట్ట అంచు తగిలినా, గాలి సోకినా భరించలేని బాధ కలుగుతుంది. పారాసిటమాల్, ఐబుప్రొఫెన్ వంటి మామూలు నొప్పి మాత్రలు దీనిపై పెద్దగా పనిచేయవు. మూర్ఛ లేనివారికి మూర్ఛ మందు ఇవ్వడం అనే, పైకి వింతగా కనిపించే పద్ధతి ఈ అవసరం నుండే పుట్టింది.

2. పోలిక పుట్టుక:
ఫ్రెంచ్ శస్త్రవైద్యుడు నికొలా ఆంద్రే 1756లో ముఖశూలను వర్ణించి, దానికి బాధతో కూడిన ముఖపు ఈడ్పు అనే అర్థంలో ‘టిక్ డులురూ’ అని పేరుపెట్టాడు. లండన్ వైద్యుడు జాన్ ఫాదర్‌గిల్ 1773లో ఇదే వ్యాధిని మరింత స్పష్టంగా వివరించాడు. తినడం, మాట్లాడడం, ముఖాన్ని తేలికగా తాకడం వంటి చిన్న చర్యలకే నొప్పి విరుచుకుపడుతుందని ఆయన గమనించాడు.

ఈ వర్ణనలకు ఒక సిద్ధాంత రూపాన్ని ఇచ్చినవాడు పారిస్ వైద్యాచార్యుడు అర్మాన్ ట్రూసో (1801–1867). నొప్పి హఠాత్తుగా రావడం, కొద్దిసేపే ఉండడం, అంతే హఠాత్తుగా ఆగిపోవడం, మళ్ళీ మళ్ళీ తిరగబెట్టడం మూర్ఛ లక్షణాలను పోలి ఉన్నాయని భావించి, ఆయన దీనిని ‘మూర్ఛ వంటి నాడీశూల’ అన్నాడు. ఈ పోలిక వల్ల నాటి రోగులకు ఒరిగిన ప్రయోజనం స్వల్పమే. మూర్ఛకే నమ్మదగిన మందు లేని కాలమది. అయినా రెండు వ్యాధుల వెనుక ఒకే రకమైన నాడీ ఉద్రేకం ఉండవచ్చుననే ఊహ వైద్యుల ఆలోచనలో నిలిచిపోయింది.

3. ఫెనిటాయిన్ నుండి కార్బమజెపిన్ వరకు:
జర్మన్ రసాయన శాస్త్రజ్ఞుడు హైన్రిష్ బిల్ట్స్ 1908లో తయారుచేసిన ఫెనిటాయిన్ ముప్పై ఏళ్ళపాటు ఉపయోగం తెలియకుండా ఉండిపోయింది. అది మూర్ఛను అదుపు చేస్తుందని 1938లో అమెరికాలోని బోస్టన్‌లో హ్యూస్టన్ మెరిట్, ట్రేసీ పట్నం నిరూపించారు. నాలుగేళ్ళు తిరగకముందే, 1942లో, ఫ్రెంచ్ వైద్యుడు బెర్గూన్యాన్ దానిని ముఖశూల రోగులకు ఇచ్చి మంచి ఫలితాలు వచ్చాయని ప్రకటించాడు. ట్రూసో పోలిక దాదాపు తొంభై ఏళ్ళ తరువాత చికిత్సగా మారింది. అంతవరకు ఈ రోగులకు మిగిలిన మార్గాలు నాడిలోకి ఆల్కహాల్ ఎక్కించడం, నాడిని కోయడం వంటివి. వాటివల్ల నొప్పి తగ్గినా ముఖంలో స్పర్శ పోయేది.

తరువాతి మెట్టు మరింత కీలకమైనది. స్విట్జర్లాండ్‌లోని బాసెల్ నగరంలో గైగీ సంస్థకు చెందిన వాల్టర్ షిండ్లర్ 1953లో కార్బమజెపిన్‌ను తయారుచేశాడు. స్వీడన్ వైద్యుడు బ్లోమ్ ఈ కొత్త మూర్ఛ మందు ముఖశూలపై పనిచేస్తున్నదని 1962లో ‘లాన్సెట్’ పత్రికలో నివేదించాడు. ఈ నివేదికతోనే వైద్యలోకం తృప్తిపడలేదు. 1966లో క్యాంప్‌బెల్, గ్రాహం, జిల్ఖా మందు లేని మాత్ర (ప్లాసిబో)తో పోల్చి నియంత్రిత పరీక్ష జరిపి, దాని మేలును ధ్రువపరిచారు. అమెరికా ఔషధ నియంత్రణ సంస్థ కార్బమజెపిన్‌ను 1968లో ముందు ముఖశూలకే అనుమతించింది. మూర్ఛకు అనుమతి 1974లో గాని రాలేదు. మూర్ఛ మందుగా ప్రసిద్ధికెక్కిన ఔషధం ఆ దేశంలో నొప్పి మందుగా అడుగుపెట్టడం ఈ చరిత్రలో గమనించదగిన విషయం.

నాడీకణాల సోడియం ద్వారాలను అడ్డుకుని, అదుపు తప్పి పదేపదే వెలువడే సంకేతాలను కార్బమజెపిన్ తగ్గిస్తుంది. మూర్ఛలో మెదడు కణాలకు, ముఖశూలలో దెబ్బతిన్న నాడికి ఈ గుణం ఉపకరిస్తుంది. ట్రూసో లక్షణాలను చూసి చేసిన ఊహకు ఈ విధంగా కొంత శారీరక ఆధారం దొరికింది. నేటికీ ముఖశూలకు మొదట ఎంచుకునే మందు ఇదే.

దీని వాడకంలో ప్రమాదం కూడా ఉంది. తైవాన్ పరిశోధకులు 2004లో ‘నేచర్’ పత్రికలో ప్రకటించిన అధ్యయనంలో, ఈ మందు వల్ల స్టీవెన్స్-జాన్సన్ సిండ్రోమ్ అనే తీవ్ర చర్మవ్యాధికి గురైన 44 మంది హాన్ చైనీయులందరిలోనూ హెచ్‌ఎల్‌ఏ-బి 1502 అనే జన్యురూపం కనిపించింది. మందు పడినవారు 101 మందిలో అది ముగ్గురికే ఉంది. ఆసియా సంతతి రోగులకు మందు మొదలుపెట్టే ముందు ఈ జన్యు పరీక్ష అవసరమని 2007లో అమెరికా నియంత్రణ సంస్థ సూచించింది.

4. గాబాపెంటిన్: పేరు ఒకటి, పని మరొకటి:
మెదడులో ఉద్రేకాన్ని అణచే ‘గాబా’ అనే రసాయనాన్ని అనుకరించాలనే ఉద్దేశంతో 1970ల్లో జర్మనీలో గాబాపెంటిన్ రూపొందింది. దాని పేరులోనే ఆ ఉద్దేశం ఉంది. అయితే అది గాబా గ్రాహకాలపై పనిచేయదని తరువాత తేలింది. నాడీకణాల కాల్షియం ద్వారాలలోని ఆల్ఫా-2-డెల్టా అనే భాగానికి అది అతుక్కుంటుందని 1996లో వెల్లడైంది. అంటే మందు పనిచేసే తీరు గురించిన మొదటి ఊహ తప్పినా మందు నిలిచింది.

1993 డిసెంబరులో అమెరికాలో మూర్ఛకు అదనపు మందుగా దీనికి అనుమతి లభించింది. నొప్పిపై దాని ప్రభావాన్ని పరీక్షించిన రెండు ముఖ్యమైన అధ్యయనాలు 1998లో అమెరికా వైద్య సంఘం పత్రిక ఒకే సంచికలో వెలువడ్డాయి. 165 మంది మధుమేహ నాడీవ్యాధి రోగులపై బకోన్యా బృందం జరిపిన పరీక్షలో, పది పాయింట్ల కొలమానంపై నొప్పి సగటు గాబాపెంటిన్‌తో 6.4 నుండి 3.9కి, ప్లాసిబోతో 6.5 నుండి 5.1కి తగ్గింది. సర్పి తదనంతర నొప్పి ఉన్న 229 మందిపై రోబోథమ్ బృందం జరిపిన పరీక్షలో ఈ తగ్గుదల మందుతో 6.3 నుండి 4.2కి, ప్లాసిబోతో 6.5 నుండి 6.0కి పరిమితమైంది. మందు మేలు చేసింది నిజమే. ప్లాసిబో తీసుకున్నవారి నొప్పి కూడా కొంత తగ్గిందన్నదీ అంతే నిజం. ప్లాసిబోతో పోల్చని అనుభవ కథనాలు ఎందుకు చాలవో ఈ అంకెలే తెలుపుతాయి.

5. పరీక్షను మించిన ప్రచారం:
ఈ ఆధారాలు వెలువడక ముందే గాబాపెంటిన్ ప్రచారం వాటి పరిధిని దాటిపోయింది. అనుమతి లేని నొప్పులకు, మానసిక వ్యాధులకు, పార్శ్వపు తలనొప్పికి కూడా దానిని వాడవచ్చునని పార్క్-డేవిస్ విభాగం వైద్యుల వద్ద ప్రచారం చేస్తున్నదని, అక్కడ కొన్ని నెలలు పనిచేసిన శాస్త్రజ్ఞుడు డేవిడ్ ఫ్రాంక్లిన్ 1996లో న్యాయస్థానాన్ని ఆశ్రయించాడు. 2004 మే నెలలో మాతృసంస్థ వార్నర్-లాంబర్ట్ నేరాన్ని అంగీకరించి 43 కోట్ల డాలర్లు చెల్లించడానికి ఒప్పుకుంది.

వ్యాజ్యాల్లో బయటపడిన అంతర్గత పత్రాలు పరిశోధకులకు అరుదైన ఆకరాలయ్యాయి. వాటి ఆధారంగా వేదుల స్వరూప తదితరులు 2009లో ‘న్యూ ఇంగ్లండ్ జర్నల్ ఆఫ్ మెడిసిన్’లో ప్రకటించిన అధ్యయనం ప్రకారం, అనుమతి లేని ఉపయోగాలపై సంస్థ జరిపించిన 20 పరీక్షలలో 12 మాత్రమే ప్రచురితమయ్యాయి. ఆ పన్నెండింటిలో 8 పరీక్షల ప్రచురిత ప్రధాన ఫలితం, మొదటి ప్రణాళికలో నిర్ణయించుకున్న దానితో సరిపోలలేదు. ఏ పత్రికను చదివి వైద్యుడు మందు రాస్తాడో ఆ పత్రికలోని ఆధారమే ఏరి కూర్చినదైతే, నిజాయితీపరుడైన వైద్యుడు కూడా పొరపడక తప్పదు. వైద్య చరిత్రకారులకు ఈ ఉదంతం ముఖ్యం కావడానికి కారణం ఇదే.

6. మేలు ఎంత? హద్దు ఎక్కడ?
2017 నాటి కాక్రేన్ సమీక్ష ఈ మేలును అంకెల్లో చూపింది. సర్పి తదనంతర నొప్పిలో గాబాపెంటిన్ తీసుకున్న వారిలో 32 శాతం మందికి, ప్లాసిబో తీసుకున్న వారిలో 17 శాతం మందికి గణనీయమైన ఉపశమనం కలిగింది. మధుమేహ నాడీవ్యాధిలో ఈ శాతాలు 38, 21. అంటే దాదాపు ఆరేడుగురికి మందు ఇస్తే, మందు కారణంగా అదనంగా మేలు పొందేది ఒక్కరు. భరించలేని నొప్పితో నిద్ర కరువైన రోగికి ఈ అవకాశం తక్కువది కాదు. కానీ అందరికీ గుణమిస్తుందని చెప్పడానికి ఆధారం లేదు.

అదే ఆల్ఫా-2-డెల్టా భాగంపై పనిచేసే ప్రీగాబలిన్‌ను నార్త్‌వెస్టర్న్ విశ్వవిద్యాలయంలో రిచర్డ్ సిల్వర్‌మన్ బృందం రూపొందించింది. 2004లో అమెరికాలో మధుమేహ నాడీనొప్పికి, సర్పి తదనంతర నొప్పికి దానికి అనుమతి లభించింది. అయితే 2017లో ఆస్ట్రేలియాలో 209 మంది సయాటికా రోగులపై జరిగిన పరీక్షలో అది ప్లాసిబో కన్నా కాలినొప్పిని తగ్గించలేదు సరికదా, తలతిరుగుడును పెంచింది. సయాటికా కూడా నాడికి సంబంధించిన నొప్పే గనుక అదే మందు పనిచేయాలనే తర్కం పరీక్షలో నిలవలేదు. మరో మూర్ఛ మందు లామోట్రిజిన్ విషయంలోనూ నాడీజన్య నొప్పికి నమ్మదగిన ఆధారం దొరకలేదు. మత్తు, తలతిరుగుడు, కొందరిలో దుర్వినియోగం వంటి సమస్యల దృష్ట్యా బ్రిటన్ 2019 ఏప్రిల్ నుండి గాబాపెంటిన్, ప్రీగాబలిన్‌లను నియంత్రిత ఔషధాల జాబితాలో చేర్చింది.

7. భారతీయ సందర్భం:
భారత వైద్య పరిశోధన మండలి 2023లో ప్రకటించిన అధ్యయనం దేశంలో మధుమేహ రోగుల సంఖ్యను 10.1 కోట్లుగా అంచనా వేసింది. వీరిలో నాడీవ్యాధికి లోనయ్యే వారికి ఈ ఔషధ చరిత్ర దూరపు విషయం కాదు. గాబాపెంటిన్ ముడి ఔషధ ఉత్పత్తిదారులలో హైదరాబాదు కేంద్రంగా గల దివీస్ లేబొరేటరీస్ ఒకటి. ప్రీగాబలిన్‌ను మిథైల్‌కోబాలమిన్ అనే విటమిన్‌తో కలిపిన మాత్రలు మన మందుల దుకాణాల్లో విస్తారంగా దొరుకుతాయి. నడుము నొప్పి, కాళ్ళ తిమ్మిరి అని చెప్పిన ప్రతి ఒక్కరికీ ఇటువంటి మాత్ర రాస్తే, అది 1998 నాటి పరీక్షల బాట కాదు, 1996 నాటి ప్రచారపు బాటే అవుతుంది. మరోవైపు, మూర్ఛ మందు అని తెలిసి భయపడి నిజమైన నాడీజన్య నొప్పికి చికిత్స మానుకునేవారికి, లేదా మోతాదును హఠాత్తుగా ఆపేసేవారికి ఈ చరిత్రను మాతృభాషలో వివరించవలసిన అవసరం ఉంది.

8. ముగింపు:
పై పరిశీలన వల్ల తేలే అంశాలు:
1. మూర్ఛకు, ముఖశూలకు ట్రూసో గుర్తించిన పోలిక ఫెనిటాయిన్, కార్బమజెపిన్ వాడకానికి దారితీసింది.
2. కార్బమజెపిన్ ముఖశూలలో, గాబాపెంటిన్, ప్రీగాబలిన్ మధుమేహ, సర్పి నొప్పులలో నిలదొక్కుకున్నది ఆ పోలిక వల్ల కాదు. ఆయా వ్యాధులలో ప్లాసిబోతో పోల్చి జరిపిన పరీక్షల వల్ల.
3. సయాటికా, లామోట్రిజిన్ ఉదాహరణలు ఒక నాడీనొప్పికి దొరికిన ఆధారాన్ని మరొక నొప్పికి, ఒక మూర్ఛ మందుకు దొరికిన ఆధారాన్ని మరొక మందుకు అన్వయించరాదని తెలుపుతున్నాయి.
4. ప్రచురణకు నోచుకోని పరీక్షలు, మారిన ప్రధాన ఫలితాలు ఔషధ చరిత్ర రచనలో భాగం కావాలి. ప్రచురిత వ్యాసాలను మాత్రమే ఆధారం చేసుకుని రాసిన ఔషధ చరిత్ర అసంపూర్ణమే అవుతుంది.