దాచిన శవం: ఐస్లాండ్ అపరాధ నవల మూలాలు

ఐస్లాండ్ జనాభా నాలుగు లక్షలకు అటూ ఇటూ. ఏడాదంతా అక్కడ జరిగే హత్యలను వేళ్ల మీద లెక్కపెట్టవచ్చు. గస్తీ తిరిగే పోలీసు దగ్గర మామూలుగా తుపాకీ ఉండదు. అలాంటి దేశం పాతికేళ్లుగా హత్యల నవలలు రాసి ప్రపంచం చేత చదివిస్తోంది. స్వీడన్‌లో గిరాకీ చూసి ఐస్లాండ్ కూడా అదే దుకాణం తెరిచిందని తేల్చేయడం సులువు. అందులో సగం నిజముంది, నవల చట్రం స్వీడన్‌దే. అయితే ఏది నేరం అన్న ప్రశ్నకు ఆ నవలలు ఇచ్చే జవాబు మాత్రం సొంత గడ్డది, పదమూడో శతాబ్దపు సాగాలనే గద్యకథలంత పాతది. చంపడం కన్నా చంపి దాచడమే పెద్ద నేరమన్నది ఆ జవాబు.

ముందు ఆ చట్రం సంగతి. ఉత్తర యూరప్‌లో నేరకథ నిన్న మొన్నటిది కాదు. డెన్మార్క్‌లో బ్లికర్ ఒక పూజారి మీద పడిన హత్యానేరం కథను 1829లోనే రాశాడు. నార్వేలో మౌరిట్స్ హాన్సెన్ హత్యాపరిశోధన కథ 1839లో వచ్చింది, అంటే ఎడ్గార్ అలన్ పో కన్నా రెండేళ్లు ముందు. అయినా ఇవాళ మనం నార్డిక్ అంటున్న తరహాకు అసలు పునాది వేసింది స్వీడన్ జంట మాయ్ షోవాల్, పేర్ వాలో. 1965 నుంచి 1975 దాకా వాళ్లు రాసిన పది మార్టిన్ బెక్ నవలల్లో బోనులో నిలబడేది హంతకుడొక్కడే కాదు, సంక్షేమ రాజ్యం కూడా. 1986లో ప్రధాని ఓలోఫ్ పాల్మే స్టాక్‌హోమ్ నడివీధిలో హతమయ్యాక ఆ అనుమానం దేశమంతటికీ పాకింది. 1991లో మొదలైన హెన్నింగ్ మాంకెల్ వాలాండర్ నవలలూ, 2005లో మొదలైన స్టీగ్ లార్సన్ మిలీనియం నవలలూ ఆ అనుమానం మీదే నిలబడ్డాయి. రాజ్యం ఇచ్చిన మాట తప్పిందన్నదే స్వీడిష్ నవల ఫిర్యాదు.

ఐస్లాండ్ పాత గ్రంథాల్లో ఫిర్యాదు చేయడానికి రాజ్యమే లేదు. 930లో ఆల్థింగ్ సభ ఏర్పడింది, చట్టాలు వచ్చాయి, తీర్పులూ వచ్చాయి. రాజు లేడు, పోలీసు లేడు. తీర్పు అమలు చేసుకోవలసింది గెలిచినవాడే. అలాంటి సమాజంలో హత్యను అదుపులో ఉంచేది దాని బహిరంగతే. చంపినవాడు ఆలస్యం చేయకుండా దగ్గరి ఇళ్లకు వెళ్లి ఈ పని నాదేనని ప్రకటించాలి. అప్పుడు పరిహారమో, ప్రతీకారమో, బహిష్కారమో, ఏదో ఒక లెక్క తేలుతుంది. ప్రకటించకుండా దాచిన చావుకు పేరే వేరు, పరువు తక్కువ పేరు. ఎవరు చంపారో తెలియనప్పుడు లెక్క ఎవరితో తేల్చుకోవాలి?

ఈ ప్రశ్నను కొస దాకా లాగిన కథ గీస్లి సాగా. పశ్చిమ ఫ్యోర్డుల ప్రాంతంలో ఒక రాత్రి గీస్లి బావమరిదిని ఎవరో పడకలోనే ఈటెతో పొడిచారు. ఎవరన్నది కథకుడు సూటిగా చెప్పడు. గాయంలోని ఆయుధాన్ని పైకి తీసినవాడి మీద పగ తీర్చే బాధ్యత పడుతుందని ఆచారం. గీస్లి తీశాడు. ఆ తర్వాత అదే ఈటెతో, మరో రాత్రి, సొంత చెల్లెలి భర్తను చంపాడు, ప్రకటించలేదు. చివరికి అతణ్ణి పట్టించింది అతని కవిత్వమే. శ్లేషలు నింపి గొణుక్కున్న పద్యాన్ని చెల్లెలు థోర్దీస్ విని, కంఠతా పట్టి, ఇంటికెళ్లి విప్పుకుంది. ఐస్లాండ్ సాహిత్యంలో తొలి డిటెక్టివ్ ఎవరని అడిగితే హతుడి భార్యా, హంతకుడి చెల్లెలూ అయిన ఈమెనే చూపించాలి. ఆమె నిజం కనిపెట్టాక ఇల్లు చక్కబడలేదు, ముక్కలైంది.

ఏడెనిమిది వందల ఏళ్ల నాటి గ్రంథానికీ ఇప్పటి రైల్వే స్టాల్ నవలకూ చుట్టరికం కలపడం అతి కాదా అన్న అభ్యంతరం న్యాయమైనదే. మరో దేశంలో అయితే అతే. కానీ ఐస్లాండ్ భాష ఎంత తక్కువ మారిందంటే, నేటి వర్ణక్రమంలో అచ్చువేస్తే సాగాలను మామూలు పాఠకుడు చదువుకోగలడు. 1971లో కోపెన్‌హేగన్ నుంచి ప్రాచీన ప్రతులు ఓడలో తిరిగి రావడం మొదలైనప్పుడు దేశమంతా పండగ చేసుకుంది. మధ్యలో వారధి కూడా ఉంది. 1955లో నోబెల్ అందుకున్న హాల్దోర్ లాక్స్‌నెస్ తన 'ఐస్లాండ్స్ బెల్' నవలను డెన్మార్క్ రాజుగారి తలారి చావుతో మొదలుపెడతాడు. నిందపడిన రైతుకే తాను చంపానో లేదో తెలియదు, పాఠకుడికీ తేలదు. 1974లో జీవితమే అలాంటి కథ రాసింది. వేర్వేరు సందర్భాల్లో ఇద్దరు మనుషులు మాయమయ్యారు, శవాలు దొరకలేదు. దీర్ఘ ఏకాంత నిర్బంధంలో రాబట్టిన ఒప్పుకోళ్ల మీద ఆరుగురికి శిక్షలు పడ్డాయి. వారిలో అయిదుగురిని ఆ హత్యానేరం నుంచి సుప్రీంకోర్టు విముక్తుల్ని చేసేసరికి 2018 వచ్చింది.

ఈ నేపథ్యంలో అర్నాల్దుర్ ఇంద్రిదాసన్‌ను చదవాలి. చరిత్ర చదువుకున్నవాడు, 1997లో తొలి నవల వేశాడు. పేరు తెచ్చిన మూడు నవలలను పక్కపక్కన పెడితే ఒకే బొమ్మ కనిపిస్తుంది. 'జార్ సిటీ' మూలం పేరుకు బురదనేల అని అర్థం. అందులో పాత పాపాన్ని బయటపెట్టేది జన్యువుల్లో దిగివచ్చిన రోగం. 'సైలెన్స్ ఆఫ్ ద గ్రేవ్'లో ఊరి శివారున ఇల్లు కడుతుంటే యుద్ధకాలం నాటి ఎముకలు తేలతాయి. 'ద డ్రెయినింగ్ లేక్'లో భూకంపం తర్వాత నీరింకిన సరస్సు అడుగున అస్థిపంజరం. నేల, నెత్తురు, నీరు, మూడూ దాచినదాన్ని కక్కేస్తాయి. ఈ నవలల్లో పరిశోధించే ఇన్‌స్పెక్టర్ ఎర్లెందుర్ కూడా చిన్నప్పుడు మంచు తుఫానులో తమ్ముణ్ణి పోగొట్టుకుని, ఆ శవం దొరకక అక్కడే ఆగిపోయినవాడు.

ఏ అపరాధ పరిశోధన నవలైనా దాచిన హత్య గురించే కదా, ఇందులో ప్రత్యేకమేముంది అనవచ్చు. నా వాదనకు గట్టి పరీక్ష ఇదే. మామూలు డిటెక్టివ్ నవలలో దాచేవాడు హంతకుడొక్కడు. అతణ్ణి పట్టుకుంటే లోకం మళ్లీ గాడిన పడుతుంది. ఇక్కడ దాచేది కుటుంబం, ఇరుగుపొరుగు, ఒక్కోసారి ఊరు మొత్తం. అందుకే 'సైలెన్స్ ఆఫ్ ద గ్రేవ్' మనల్ని నడిపించే ప్రశ్న చంపిందెవరని కాదు, ఆ ఎముకలు ఎవరివని. జవాబు దొరికేసరికి సంకెళ్లు వేయడమన్నది అసలు విషయం కాకుండా పోతుంది. అందరూ అందరికీ ఏదో వరస అయ్యే చిన్న దేశంలో ఏటా జరిగే హత్యల సంఖ్య నవలకు కొలత కాదు. ఒక్క శవం చాలు, నాలుగు తరాలు మాట్లాడకుండా ఉండిపోవడానికి.

అందరినీ ఈ గాటన కట్టలేం. సివిల్ ఇంజినీరైన ఇర్సా సిగుర్దార్‌దోత్తిర్ 'ఐ రిమెంబర్ యూ'లో దయ్యాల కథ వైపు మొగ్గింది. అగాథా క్రిస్టీ పుస్తకాలు పద్నాలుగింటిని అనువదించిన రాగ్నర్ యోనాసన్ 'స్నోబ్లైండ్'లో మంచు కమ్మి దారులు మూసుకుపోయిన సిగ్లుఫ్యోర్దుర్ రేవును ఇంగ్లిష్ బంగళాలా వాడుకున్నాడు. ఆ నవల అల్లికలో క్రిస్టీ ఎక్కువ, సాగా తక్కువ. ఈ తేడా ఒప్పుకుంటేనే అర్నాల్దుర్ చేసిన పని విలువ తెలుస్తుంది. కొత్తగా ఈ దారి పట్టే పాఠకుడు మార్టిన్ బెక్‌తో మొదలుపెడితే స్వీడన్ కోపం అర్థమవుతుంది. కానీ ఎర్లెందుర్ ఎందుకంత మౌనంగా, నింపాదిగా ఎముకల చుట్టూ తిరుగుతాడో తెలియాలంటే ముందు గీస్లి సాగా చదవాలి. అన్న పద్యాన్ని విప్పుకున్న రోజు థోర్దీస్‌కు తెలిసి వచ్చిందే అతని ఉద్యోగం: బతికున్నవాళ్లకు ఎంత బరువైనా, చచ్చినవాడి లెక్క ఎవరో ఒకరు చెప్పాలి.