కత్తి, ఫోర్కు, ఐదు వ్రేళ్ళు

బల్లయొద్ద కూర్చుండి కత్తితోను, ఫోర్కుతోను భుజించుట నాగరికతకు గురుతనియు, చేతితో తినుట మోటుదనమనియు తలచువారు మనలో నేటికిని కలరు. విందులో ఫోర్కు పట్టుట రాక సిగ్గుపడి, ఆకలితోనే లేచిపోవువారును కలరు. చరిత్రను విచారించినచో ఆ తలపు నిలువదు. ఈ సిగ్గునకును కారణము కనబడదు.

సంగారెడ్డి జిల్లాలోని కొండాపూర్ దిబ్బలను హైదరాబాదు రాష్ట్ర పురావస్తుశాఖవారు గులాం యజ్దానీగారి ఆధ్వర్యమున 1940 తరువాతి సంవత్సరములలో త్రవ్వించిరి. సాతవాహనులనాటి పట్టణ మొకటి బయల్పడినది. మట్టిపాత్రలు, ఇనుప పనిముట్లు, పూసలు, నాణెములతో పాటు, రోమక నాణెములను అనుకరించిన మట్టిబిళ్ళలును లభించినవి. రోముతో మన దేశమునకు వర్తకము సాగిన ఆ కాలమున రోమకు లెట్లు భుజించిరి? వారికిని వ్రేళ్ళే ప్రధాన సాధనములు, ద్రవపదార్థములకు చెంచా. మాంసమును సేవకులు ముందుగనే కోసి వడ్డించెడివారు. ఫోర్కుతో తినుట వారి వాడుక కాదు. కొండాపూరు వర్తకు డెవడైన ఆనాడు రోములో విందునకు పోయియుండినచో, చేయి కడుగుకొని కూర్చుండుటకు సంకోచింపవలసిన పని లేకుండెడిది.

ఐరోపాలో ఫోర్కు సులభముగ ప్రవేశింపలేదు. 11వ శతాబ్దమున వెనీసు ప్రభుకుటుంబమునకు కోడలుగా వచ్చిన బైజాంటియపు రాకుమారి బంగారు ఫోర్కుతో తినగా, పీటర్ డామియన్ అను క్రైస్తవ సన్న్యాసి ఆ విలాసమును తీవ్రముగ గర్హించెను. 1608లో ఇటలీలో పర్యటించిన థామస్ కోరియట్ అను ఆంగ్లేయుడు, తాను చూచిన ఫోర్కు వాడుకను 1611లో ప్రకటించిన తన గ్రంథమున వర్ణించెను. స్వదేశమున తానును దానిని వాడగా మిత్రులు పరిహసించిరి. అందరి వ్రేళ్ళును సమానముగ శుభ్రము కావు గనుక, ఉమ్మడి పళ్ళెమున ఒకరు వ్రేలు పెట్టుట ఇటలీవారు సహింపరని అతడు చెప్పిన కారణము. మన ‘ఎంగిలి’ విచారమును ఇందుకు దూరము కాదు. ఈ కోరియట్టే పిమ్మట మన దేశమునకు వచ్చి, 1617లో సూరతులో మరణించెను.

కత్తి తొలుత ఆయుధము. ఫ్రాన్సు దేశమున 14వ లూయీ 1669లో మొనగల బల్లకత్తులను నిషేధించెను. కత్తి మర్యాదలలో అనేకము ఈ భయమును తెలుపునవే. దానిని నోట నుంచరాదు, మాటలాడుచు ఝళిపింపరాదు. కోయునపుడు కత్తి కుడిచేతను, ఫోర్కు ఎడమచేతను ఉండవలెను. వరుసలో వెలుపల నున్నవానిని ముందు తీసికొనవలెను. భోజనము ముగిసినపిమ్మట రెండింటిని పళ్ళెములో ప్రక్కప్రక్కన నుంచినచో వడ్డించువాడు గ్రహించును.

మన పంక్తిభోజనపు నియమములు ఇట్టివే. ఎంగిలిచేత గరిటె ముట్టరాదు. తోడివారు ముగింపకమునుపు విస్తరి విడిచి లేవరాదు. సాధనములు వేరైనను, ప్రక్కవానికి రోత గాని తొందర గాని కలిగింపకుండుటయే రెండింటి ఉద్దేశము. అయితే రెండును మనుష్యులను వేరుచేయుటకును వినియోగపడినవి. హైదరాబాదులోని ఫలక్‌నుమా సౌధమున 101 మంది కూర్చుండదగిన బల్ల కలదు. నవాబుల కాలమున అచట చోటు లభించినవారు కొందరే. మన పంక్తి కులమును విచారించి ఎందరినో వెలుపల నిలిపినది. రెండవది మొదటిదానికంటె క్రూరమని ఒప్పుకొనక తప్పదు.

కొండాపూరునకు అనతిదూరమున, పటాన్‌చెరువులో 1972లో అంతర్జాతీయ మెట్టపంటల పరిశోధన సంస్థ ‘ఇక్రిశాట్’ వెలసినది. జొన్న, సజ్జ, కంది, సెనగ, వేరుసెనగ పైరులపై పరిశోధించుటకు పలుదేశములవా రచట కూడిరి. జొన్నను ఎచ్చట పరిశోధించినను, జొన్నరొట్టెను చేతితో త్రుంచి తినుటయే తగినది. దానికి కత్తి అక్కరలేదు. మాంసఖండమును కోయుటకు కత్తి నేర్చినచో తప్పును లేదు.

ఎరాస్మస్ పండితుడు 1530లో బాలుర మర్యాదలనుగూర్చి చిన్న పుస్తకము వ్రాసెను. ఎన్నో నియమములు చెప్పి, తుదకు, తన నడవడిని దిద్దుకొనుచు ఇతరుల లోపములను సులభముగ మన్నించుటయే మర్యాదలలో మిన్న యని ముగించెను. కావున ప్రక్కవాని ఫోర్కు జారి క్రిందపడినపుడు మనము చూడనట్లుండుటయు, మాట ఆపకుండుటయు ఆ బల్లయొద్ద మొదటి మర్యాద.