ఎముకల బలానికి గెంతుల వ్యాయామం

ఉన్నచోటనే కొద్ది ఎత్తుకు ఎగిరి, పాదాల మీద నేలకు దిగుతూ ఎముకలను గట్టిపరచుకొనే వ్యాయామ పద్ధతి ఇది. రోజూ వ్యాయామం చేసేవారికి ఎముకల దిగులు ఉండదన్న నమ్మకం చాలామందిది. అది పూర్తిగా నిజం కాదు. ఏళ్ల తరబడి సైకిల్ తొక్కేవారికి, ఈత కొట్టేవారికి గుండె, కండరాలు దృఢంగా ఉన్నా, ఎముకల సాంద్రత పరుగెత్తేవారి కంటే తక్కువగా ఉండవచ్చు. ఒంటి బరువును అక్కడ సీటు, ఇక్కడ నీళ్లు మోస్తాయి. నేల అదురు ఎముకకు అందదు.

మోసే బరువును బట్టి ఎముక తన అమరికను మార్చుకుంటుందని జర్మన్ శస్త్రవైద్యుడు జూలియస్ వోల్ఫ్ 1892లో గ్రంథం రాశాడు. బరువు ఎన్నిసార్లు పడాలన్నది దాదాపు శతాబ్దం తర్వాత తేలింది. 1984లో క్లింటన్ రూబిన్, లాన్స్ లాన్యన్ పక్షి రెక్క ఎముకను యంత్రంతో ఒత్తి చూశారు. రోజుకు 36 ఒత్తిళ్లు చాలాయి. 1,800కు పెంచినా అదనంగా ఒరిగిందేమీ లేదు. 1997లో జపాన్‌లో ఉమెమురా బృందం ఎలుకలను గెంతించినప్పుడు, రోజుకు అయిదు గెంతులకే ఎముక బరువు, విరగకుండా తట్టుకొనే శక్తి పెరిగాయి. ఎముకలోని కణాలు తొలి కుదుపులకు చురుగ్గా స్పందించి, త్వరలోనే మందగిస్తాయి. విశ్రాంతి దొరికితే మళ్లీ తేరుకుంటాయి. గంటల కొద్దీ గెంతనక్కరలేదనడానికి ఆధారం ఇదే.

మనుషుల్లో ఫలితం అందరికీ ఒకేలా రాలేదు. బ్రిటన్‌లో జోన్ బాసీ బృందం 1998లో ప్రచురించిన అధ్యయనంలో స్త్రీలు వారానికి ఆరు రోజులు, రోజుకు 50 గెంతులు వేశారు. ఎత్తు సగటున ఎనిమిదిన్నర సెంటీమీటర్లే. బహిష్టు ఇంకా ఆగనివారిలో అయిదు నెలలకు తొడ ఎముక పైభాగపు సాంద్రత 2.8 శాతం పెరిగింది, ఆగిపోయినవారిలో పెరగలేదు.

చురుకైనవారి గురించి సూటిగా చెప్పినది అమెరికాలోని మిస్సోరి విశ్వవిద్యాలయంలో పమేలా హింటన్ బృందం 2015లో వెలువరించిన అధ్యయనం. వ్యాయామం అలవాటున్నా ఎముకలు పలచబడిన 25–60 ఏళ్ల పురుషులు ఏడాది పాటు గెంతులు గానీ, బరువులెత్తడం గానీ సాధన చేశారు. నడుము వెన్నెముక రెండు పద్ధతుల్లోనూ మెరుగుపడింది. తుంటికి మాత్రం బరువులే పనిచేశాయి. కాబట్టి గెంతులొక్కటే చాలుననడం తొందరపాటు.

2018లో ప్రచురితమైన అధ్యయనంలో ఆస్ట్రేలియాలోని బెలిండా బెక్ బృందం బహిష్టు ఆగిన, ఎముకలు పలచబడిన స్త్రీలకు శిక్షకుల పర్యవేక్షణలో రెండూ కలిపి నేర్పింది. వారానికి రెండుసార్లు, అరగంట చొప్పున బరువులెత్తడంతో పాటు, వాళ్లు పైనున్న కడ్డీని పట్టుకొని ఎగిరి, కిందికి దభీమని దిగేవారు. ఎనిమిది నెలలకు వాళ్ల వెన్నెముక సాంద్రత పెరిగింది.